జాగురాయి

కూలిన ఏడు, కోతలకు ముందు

ఈ పొద్దు గని కూలింది. గని గంట తాడు దగ్గర కాపలా ఉన్నవాళ్లు జరిగింది జరిగినట్టు రాసి పెట్టాలన్నది మా గుట్ట కట్టుబాటు. అందుకని రాస్తున్నాను.

గని గుమ్మం ముందు కూర్చుని జొన్నలు చెరుగుతున్నాను. పాప పక్కనే గోనెపట్టా మీద నిద్రపోతోంది. ఉన్నట్టుండి నేల ఊగింది. చేటలో జొన్నలన్నీ ఒలికిపోయాయి. గని నోట్లోంచి దుమ్ము లేచింది. పాపను ఎత్తుకుని దూరంగా పరుగెత్తాను. దుమ్ము తగ్గి, పొద్దు వాలేవేళకు, గని సగం లోతున నడిమెట్టులో పనిచేసే ఇద్దరు దగ్గుకుంటూ బయటపడ్డారు.

"అడుక్కి పొయ్యే దోవ మూసకపాయ" అన్నాడు వాళ్లలో ఒకడు, నా మొహం చూడకుండా.

అడుగున మా అన్న ఓబన్న ఉన్నాడు. అతనికి తోడు ఈరన్న. విత్తనాలప్పుడు దిగారు, కోతలకు పైకి రావాలి. నిజానికి అక్కడ వాళ్లు చేసేది ఒక పూట పనే. అడుగున జాగురాయి దట్టంగా ఉంటుంది. ఆ రాయి ఉన్నచోట కాలం మోకాళ్ల నొప్పులున్న మనిషిలాగా నడుస్తుంది. అక్కడ ఒక పూట గడిచేలోగా పైన ఒక పంటకారు గడిచిపోతుంది. చిన్న పలుకు తెచ్చి కుండ కింద పెడితే పెరుగు పులవదు. పాము కరిచినవాణ్ణి ఆ రాతిపలక మీద పడుకోబెడితే మందు తెచ్చేదాకా విషం ఎక్కదు. ఆ రాయి లేకపోతే ఈ ఉప్పుగుట్టల మధ్య ఊరే లేదు.

అమ్మా నాన్నా పోయాక నన్ను సాకింది అన్నే. నాకు జడ కూడా అన్నే వేసేవాడు. మూడు పాయలు అల్లడం రాక తాడు పేనినట్టు పేనేవాడు.

దోవ ఎంతమేర మూసుకుందో చూసొస్తానని నా మొగుడు చౌడప్ప దీపం పట్టుకుని దిగాడు.

అదే ఏడు, కోతలయ్యాక

చౌడప్ప ఈ రోజు పైకొచ్చాడు. వెళ్లినప్పుడు కంకులు పాలుపోసుకుంటున్నాయి. ఇప్పుడు గింజలు గాదెల్లో ఉన్నాయి.

"ఏమయ్యా, ఇన్నాళ్లు ఏం చేస్తాంటివి?" అన్నాను ఏడుస్తూ.

అతను పొలాల వైపు చూసి బిత్తరపోయాడు. "నేనేం చేసినానే? మట్టి పడినకాడికి పోయి, దీపం ఎత్తి చూసి, తిరుక్కున్నా. అంతే."

కూలినప్పుడు గోడ చీలి, దాని వెనక ఉన్న రాయి బయటపడిందట. ఇంతవరకు మనం చూసినవన్నీ దాని ముందు గులకరాళ్లేనట. చీలికలోంచి చూస్తే నీలంగా, ఇల్లంత ఉందట. మట్టికుప్పకు ఇవతలే ఇంత జాగు అయితే, దాని అవతల రాయి పక్కనే ఉన్నవాళ్ల సంగతి ఏమిటి?

గుట్టపెద్ద రామక్క ముసలి కళ్లు మూసుకుని కాసేపు ఆలోచించింది. "అట్లయితే వాళ్లకింకా లేసిన దుమ్ము కూడా అణగలేదు. గాలి ఉంది, దీపం ఉంది, తినేదానికి రొట్టె ఉంది. ఏడవాకు గంగులూ. మీయన్నకు తొందర లేదు."

ఆ మాట విని ఊరంతా ఊపిరి పీల్చుకుంది. నేనూ పీల్చుకున్నాను. ఆ రోజు కడుపునిండా అన్నం తిన్నాను.

చౌడప్ప పాపను ఎత్తుకోబోతే అది ఏడ్చి నా కొంగు వెనక దాక్కుంది. అతను వెళ్లేటప్పటికి దానికి పాకడం రాదు.

అదే ఏడు, ఉప్పుగాలి మొదలైనప్పుడు

ఈ రోజు అందరూ గుమ్మం ముందు కూడారు. మట్టి తీయాలంటే ఆరుగురు మొగవాళ్లు ఒక పూట తవ్వాలి. ఆ పూట తవ్వి పైకొచ్చేసరికి వాళ్ల పిల్లలు ముసలివాళ్లయిపోతారని రామక్క దాచకుండా చెప్పింది. పోయేవాళ్లెవరో చేయెత్తమంది.

చాలాసేపు ఎవరూ ఎత్తలేదు. మా వదిన నాగులి ఒక్కొక్కరి మొహం చూస్తూ నిలబడింది. చివరికి చౌడప్ప చేయి లేచింది. అతన్ని చూసి ఇంకో ఇద్దరు ఎత్తారు.

నేను అతని పక్కకు వెళ్లి, ఎవరికీ వినబడకుండా, "ఈ ఏడు వద్దయ్యా. పాప నడిచినాక పోదువు. అన్నకు తొందర లేదంట గదా" అన్నాను.

అతను నా వైపు చూశాడు, పాప వైపు చూశాడు. చేయి దించేశాడు. మిగతా ఇద్దరూ దించేశారు.

వదిన చూసింది.

రెండో ఏడు, విత్తనాలప్పుడు

పొద్దున్నే వదిన గడ్డపార, గంప, మూటలో జొన్నరొట్టెలు, నీళ్ల తిత్తి పట్టుకుని గుమ్మం దగ్గరికి వచ్చింది.

"గంగులూ, నేను పోతాండా."

"యాడికి?"

"నీకు తెలీదా యాడికో."

"ఒక్కదానివి ఏం చేస్తావు వదినా? ఆరుమంది పని అది."

"ఆరుమంది వచ్చేదాకా నా చేతనయింది తవ్వుతా. ఈడ కూసోని తెల్లారితే ముసిల్దాన్నయితాండా. ఆడనయితే నాకూ ఆయనకూ వయసు ఒగటే మాదిరి పోతాది." గంప నెత్తిన సర్దుకుంది. "మీరు కోతలయినాక వస్తారు గదా?"

"వస్తాం వదినా."

"చౌడప్పన్నకు చెప్పు. మూరెడు నేనే తీసి పెట్టింటానని చెప్పు."

మలుపు తిరిగేదాకా ఆమె వీపు కనబడింది. మలుపు దగ్గర ఆమె అడుగు మెల్లబడటం చూశాను. ఎత్తిన కాలు దిగడానికి నేను పాపకు పాలిచ్చి పడుకోబెట్టేంతసేపు పట్టింది. తర్వాత చీకట్లో కలిసిపోయింది.

రెండో ఏడు, కోతలయ్యాక

పోలేదు. ఆరుగురు కుదరలేదు. వచ్చే ఏడు తప్పక అన్నారు.

నాలుగో ఏడు

తాడు కదిలింది.

అడుగు నుంచి పైదాకా గోడవెంట వెదురు బొంగుల్లోంచి వచ్చే తాడు ఇది. పై కొసకు ఇత్తడి గంట ఉంటుంది. కింద ఆపదొస్తే లాగుతారు. కూలినప్పటి నుంచి నేను ఆ తాడు మీద బొగ్గుతో ఒక గీత పెట్టి చూస్తున్నాను. గీత ఇప్పుడు బొంగు అంచుకు దిగింది. వేలెడు ఉంటుందేమో.

అన్న లాగుతున్నాడు. నాలుగేళ్లుగా మా అన్న తాడు పట్టుకుని లాగుతున్నాడు. గంట ఇంకా వాలనైనా వాలలేదు.

పాప చేయి పట్టి తాడు ముట్టించాను. "మీ మామ ఇది. ఈ కొసన ఉన్నాడు" అని చెప్పాను. అది తాడుకు ముద్దు పెట్టింది. నేను లోపలికి వెళ్లి చౌడప్పతో పోట్లాడాను. ఈ కోతలకు పోయి తీరాలన్నాను. సరేనన్నాడు. కొత్త గంపలు అల్లించాడు కూడా.

అయిదో ఏడు

ఊళ్లో జ్వరాలు. ప్రతి ఇంట్లో ఒకరు. జాగురాతి పలకల మీద పిల్లల్ని వరసగా పడుకోబెట్టాం. అల్లించిన గంపల్లో వాళ్ల బట్టలు వేశాం.

ఏడో ఏడు

నాకు రెండో కాన్పు. కొడుకు. అన్న పేరే పెట్టాను.

చౌడప్ప గంపలు తీసుకుని వెళ్తానంటే ఈసారి నేను అడ్డం పడలేదు. అడ్డం పడాల్సిన పని లేకపోయింది. తోడు వస్తామన్నవాళ్లలో ఒకడి నాయన మంచాన పడ్డాడు, ఇంకొకడికి పెళ్లి కుదిరింది. ఎవరి కారణం చూసినా కాదనడానికి లేదు. ఓబన్న ఎట్లాగూ ఉంటాడు కదా అని ప్రతివాళ్లూ నాకే ధైర్యం చెప్పారు.

పదకొండో ఏడు

రామక్క పోయింది. పోయే ముందు నన్ను పిలిపించి, "తొందర లేదని నేను అనకుండా ఉండాల్సింది గంగులూ" అంది.

చౌడప్పను గుట్టపెద్దను చేశారు. అతనికి మొదటి నుంచీ ఒక ఆశ ఉంది. వెనక కొండమీద ఊరే నీళ్లు ఉత్తపుణ్యానికి ఉప్పునేలలో ఇంకిపోతున్నాయి, వాటిని కాలువ తవ్వి మన పొలాలకు మళ్లించాలని. ఇప్పుడు పెద్ద అయ్యాడు కాబట్టి మొదలుపెట్టాడు.

పద్నాలుగో ఏడు, వానల ముందు

కాలువ పూర్తయింది! మూడు ఎండాకాలాలు ఊళ్లో మొగవాళ్లందరూ, ఆడవాళ్లలో సగంమందీ తవ్వారు. నేను రోజూ గంజి మోసుకెళ్లాను. ఈ పొద్దు నీళ్లు గుట్ట నడుం చుట్టి, గని నెత్తిమీదుగా దిగి పొలాల్లోకి వస్తుంటే పిల్లలు నీళ్లకు ఎదురు పరుగెత్తారు. చౌడప్ప చిన్నపిల్లాడిలాగా ఏడ్చాడు. ఇక మాకు ఏడాదికి రెండు కార్లు పండుతాయి.

గంజి కుండలు కడుగుతుంటే వదిన గుర్తొచ్చింది. ఇంతమంది, ఇన్ని గడ్డపారలు. ఆమె ఒక్క గడ్డపార. చౌడప్పకు చెబుదామనుకున్నాను. అతని సంతోషం చూసి ఊరుకున్నాను.

పంతొమ్మిదో ఏడు

అన్న కంటే నేను పెద్దదాన్నయిపోయాను. ఎప్పుడయ్యానో గుర్తుపట్టలేదు. ఈ రోజు తల దువ్వుకుంటుంటే తెల్లవెంట్రుక కనబడి లెక్క వేసుకున్నాను. పాపకు పెళ్లి చూపులు. అల్లుడు కాబోయేవాడికి దాదాపు మా అన్న వయసు.

ఊళ్లో చిన్నవాళ్లు ఓబన్న, నాగులి, ఈరన్న అంటే ఏదో పాతకాలం కథ అనుకుంటున్నారు. గనిలోకి దిగి తవ్వమని ఇప్పుడు ఎవరినని అడగను? చూడని మనుషుల కోసం ఎవరు బతుకు వదులుకుంటారు? చూసిన మేమే వదులుకోలేదు.

ఇరవై ఆరో ఏడు

ఈ ఏడు ఎందుకో ఎక్కువ రాయడం లేదు. తాడు అట్లాగే ఉంది. గంట కొంచెం వాలింది. మనవరాలు పుట్టింది.

ముప్పయ్యో ఏడు, విత్తనాలప్పుడు

నిన్న పెట్టిన గీత ఈ రోజు బొంగులోకి పోయింది. పొరపాటు పడ్డానేమోనని ఇంకో గీత పెట్టాను. సాయంత్రానికి అదీ పోయింది. ఏళ్లు పట్టాల్సిన కదలిక ఒక్క పూటలో వచ్చింది.

నడిమెట్టులోకి దిగి చూశాను. అక్కడి గోడలు చెమ్మగా ఉన్నాయి. జాగురాయి పట్టుకుంటే తడిసిన సుద్దలాగా వేళ్లకు అంటుకుంది. మునుపు నడిమెట్టుకు దిగి వస్తే పైన రోజు మారిపోయేది. ఈసారి నేను పైకొచ్చేసరికి పొయ్యి మీద పెట్టిపోయిన పప్పు ఇంకా ఉడకనేలేదు.

పరుగున వెళ్లి చౌడప్పకు చెప్పాను. అతను పొలంలో కాలువ నీళ్లకు మడవలు సర్దిస్తున్నాడు.

"కాలవ నీళ్లు దిగుతాన్నెట్లుంది" అన్నాడు ముఖం ముడుచుకుని. "రాయి మెత్తబడతాందేమో."

"మెత్తబడితే ఏమయితాది?"

"ఏమయితాది, జాగు తగ్గుతాది. మంచిదే గదా. ఇంక దిగినోళ్లకు ఏండ్లు పోవు. ఈ తడి పారనీ గంగులూ. విత్తనం మొల్చినాక అందరినీ పిల్చుకోని నేనే పోతా. ఈసారి నాకు అడ్డమేముంది?"

నాకూ సంతోషమే వేసింది. ముప్పై ఏళ్లుగా భయపెట్టింది పోతోంది కదా అనుకున్నాను. జాగు తగ్గితే మాకు తగ్గినట్టే వాళ్లకూ తగ్గుతుందని, ఇంతకాలం వాళ్లకు ఉన్న తీరిక ఇప్పుడు లేదని నాకు తట్టలేదు. తట్టలేదని రాస్తున్నాను. తట్టిందేమో, తడి పారనిద్దామనుకున్నానేమో, ఇప్పుడు చెప్పలేను.

మొలకలప్పుడు

పొద్దున గంట మోగింది.

మనవరాలికి నెత్తికి నూనె రాస్తున్నాను. మొదట ఏ చప్పుడో అర్థం కాలేదు. ముప్పై ఏళ్లలో ఆ గంట ఎట్లా మోగుతుందో మరిచిపోయాను. మళ్లీ మోగింది. మళ్లీ. ఆగకుండా, పిచ్చిపట్టినట్టు మోగింది. ఊరంతా పొలాల్లోంచి పరుగెత్తుకొచ్చింది. చౌడప్ప ముసలి కాళ్లతో అందరికంటే ముందు గని నోట్లోకి దిగాడు. అతని వెనక నా కొడుకు, అల్లుడు, ఇంకా ఎంతమందో. ఈసారి ఎవరూ చేయెత్తమని అడగలేదు. నేను తాడు పట్టుకుని, "వస్తాండారు అన్నా, వస్తాండారు" అని అరిచాను. ఎవరికి వినబడుతుంది?

కాసేపటికి గంట ఆగిపోయింది.

నేను కూడా దిగాను. మెట్లన్నీ నీళ్లు. మట్టికుప్ప దగ్గర దీపాల వెలుతురులో ఒక పడుచుపిల్ల బురదలో మోకాళ్ల మీద కూర్చుని చేతులతో మట్టి తోడుతోంది. వేళ్లు చిట్లి రక్తం కారుతోంది. గడ్డపార విరిగి పక్కన పడి ఉంది. పక్కనే మూటలో జొన్నరొట్టెలు, ఒకటి సగం కొరికి ఉంది.

ఆమె తలెత్తి మావాళ్లను చూసింది. "వచ్చినారా" అంది. ఆ గొంతులో కోపం లేదు, బరువు దిగినట్టుంది. "బిరీన రండి నాయనా, అవతల నీళ్ల సప్పుడయితాంది." నా వైపు తిరిగి, "అవ్వా, నువ్వెందుకొస్తివి ఈడికి, జారి పడతావు" అంది.

మా వదిన నన్ను గుర్తుపట్టలేదు.

తవ్వడం అయ్యేసరికి పైన ఇంకా పొద్దు కూడా గుంకలేదు.

మరుసటి రోజు

ఈరన్న బతికాడు. కాలు విరిగింది. చంకలదాకా నీళ్లలో, గోడకు ఆనుకుని ఉన్నాడు. మా అన్న తాడు దగ్గర ఉన్నాడు. తడిసిన గోడ అతని మీద కూలింది. తీసేటప్పటికి ఒళ్లు ఇంకా వెచ్చగానే ఉంది.

పైకి తెచ్చి చావడిలో పడుకోబెట్టారు. వెలుతురులో చూశాను. నా కొడుకు కంటే ఏమంత పెద్దగా లేడు. మీసంలో ఒక్క తెల్లవెంట్రుక లేదు.

ఈరన్నకు కాలు కట్టి, వేడి గంజి తాగించారు. అతను ఊరివాళ్లను చూస్తూ, ఎవరినీ పోల్చుకోలేక తికమకపడుతున్నాడు. ఎన్నేళ్లయిందో ఇంకా ఎవరూ చెప్పలేదు. నేనే పక్కన కూర్చున్నాను.

"కూలిన గడియలోనే తాడు లాగినాము గదవ్వా" అన్నాడు. "ఇంత జాగయిందేమి? నీళ్లు రాబట్టె, నేను అరుస్తాంటి. ఓబన్న ఊరుకోమనె. తాడుకాడ మా చెల్లెలుంది, అది ఇంతసేపటికి ఊరందరినీ లేపింటాది, వచ్చేస్తాంటారు అనె. ఆ చెల్లెలు యాడ? నేను చెప్పాల ఆమెకు."

"నేనే ఈరన్నా" అన్నాను.

అతను నన్ను చూశాడు. ముడతలు, తెల్లజుట్టు, అన్నీ చూశాడు. తర్వాత తన చేతులు చూసుకున్నాడు. గంజి గిన్నె పక్కన పెట్టి గోడవైపు తిరిగాడు. వాళ్లమ్మ ఎప్పుడు పోయిందో అడుగుతాడని భయపడుతూ కూర్చున్నాను.

మధ్యాహ్నం వదినా నేనూ అన్నకు నీళ్లు పోయడానికి కూర్చున్నాం. నేనెవరో రాత్రే ఆమెకు చెప్పాను. మిగతావాళ్లు బయట ఉన్నారు. చౌడప్ప లోపలికి రాలేదు. చావడి మెట్టు మీద, తలకు చుట్టిన గుడ్డ విప్పి ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు.

వదిన అన్న జుట్టులోని బురద వేళ్లతో విడదీస్తోంది. ఆమె చేతులకు గుడ్డలు చుట్టారు. వాటిమీద రక్తం మళ్లీ ఊరుతోంది. నా కూతురికి చెల్లెలిలాగా ఉంది.

"గంగులూ" అంది తల ఎత్తకుండా.

"ఆఁ వదినా."

"ఇన్నేండ్లు ఏం చేసినారు?"

చెప్పాను. పాప నడక నేర్చింది, జ్వరాలొచ్చాయి, కొడుకు పుట్టాడు, రామక్క పోయింది, కాలువ తవ్వాం, రెండు కార్లు పండించుకున్నాం, పాపకు పెళ్లి చేశాం, మనవరాలు పుట్టింది.

ఆమె అంతా విన్నది. "అన్నీ చేయాల్సినేవే" అంది. కాసేపు జుట్టు దువ్వింది. "అన్నిట్లో ఒగదినమన్నా తీరిక ఉండ్లేదా?"

అబద్ధం చెప్పాలని ఉంది. ఆమె నమ్మేది కూడా.

"ఉండె వదినా" అన్నాను. "చానా దినాలు ఉండె."

ఆమె తలూపింది.

"నీళ్లు పోయి" అంది. నేను చెంబు ముంచి పోశాను. మట్టి కరిగి కారింది. ఆమె ఇంకా పోయమంది. ఇంకా పోశాను.